కోచ్ బో అడగని మాట

లెన్కా ఫోన్ చేసినప్పుడు నేను మా అమ్మాయిని సాకర్ ప్రాక్టీసు దగ్గర దించి, పార్కింగ్‌లో కారులోనే కూర్చుని ఉన్నాను. "నాన్న వచ్చేశాడు. ఇక నా దగ్గరే ఉంటాడు. గుండెకు ఆపరేషన్ చేయాలన్నారు. ఆ లోపల నిన్నొకసారి చూడాలంటున్నాడు" అంది. వాళ్ల నాన్న అంటే మా కోచ్. చెకోస్లొవేకియా ఇంకా ఒకే దేశంగా ఉన్న రోజుల్లో అక్కడి పెద్ద జట్లలో ఆడినవాడు. ఆ దేశం నుంచి పారిపోయి వచ్చి, ఈ జార్జియాలో, మా అల్ఫారెట్టాలో, ఆడపిల్లలకు బంతి తన్నడం నేర్పాడు. ఆ తర్వాత మళ్లీ సొంత ఊరికే పోయి, అక్కడి క్లబ్బుకు మేనేజరయ్యాడు. పేరు బొహుమిల్. ఇక్కడి పిల్లలకు నోరు తిరగక కోచ్ బో అయ్యాడు. ఇంటిపేరు పలకడం నాకు ఇప్పటికీ సరిగ్గా రాదు, అందుకని రాయను. ఆయన మీద ముప్పయ్యేళ్ల నాటి కోపం ఒకటి నాలో ఉండేది. లెన్కా ఫోన్ పెట్టేశాక వెతికితే ఆ కోపం కనపడలేదు. దాని అడుగున ఎప్పుడూ ఉన్న భయం మాత్రం పైకి తేలింది. ఆపరేషన్ అన్న మాటకు కాదు. ఆయన ఎదుట కూర్చుంటే ఏం మాట్లాడాలో అని.

ఆ రోజుల్లో మా ఇంట్లో భయం కూడా ఒక మనిషిలాగే ఉండేది. నాకు పదకొండేళ్లప్పుడు తెనాలి నుంచి వచ్చాం. రెండో అంతస్తులో అపార్టుమెంటు. మెట్ల మొదట్లోనే తెలిసిపోయేది అది మా ఇల్లని: ఇంగువ పోపు వాసన, దాని మీద అమ్మ చల్లే కార్పెట్టు పౌడర్ వాసన. ఆ పోపంటేనే అమ్మకు భయం. పొగ పోవాలంటే కిటికీ తెరవాలి, తెరిస్తే వాసన పక్కవాళ్లకు పోయి కంప్లయింట్ ఇస్తారేమో. తెరవాలా మూయాలా అని తేల్చుకునేలోపు ఆవాలు మాడేవి, సీలింగుకున్న పొగ అలారం కుయ్యోమనేది. అమ్మ కుర్చీ ఎక్కి టవల్‌తో విసురుతూ, "పోలీసులొస్తారే, ఈసారి తప్పకుండా వస్తారు" అనేది. ఒక్కసారీ రాలేదు. నాన్న ఇంట్లో లేనప్పుడు ఎవరు తలుపు కొట్టినా టీవీ గొంతు తగ్గించి, అడుగుల చప్పుడు మెట్లు దిగేదాకా ఇద్దరం ఊపిరి బిగబట్టి ఉండేవాళ్లం. నాన్న భయం వేరే రకం. ఆఫీసు నుంచి ఫోన్ వస్తే, అన్నం ముందు కూర్చున్నవాడు కూడా లేచి నిలబడి మాట్లాడేవాడు. ఆదివారం తలంటు పోసుకున్నాక, బియ్యం డబ్బా వెనక దాచిన వీసా కాగితాల కవరు తీసి, ఒక్కొక్కటీ చూసి మళ్లీ పెట్టేవాడు. "ఉన్నాయా?" అని వంటింట్లోంచి అమ్మ అడిగేది. "ఉన్నాయి" అనేవాడు. అప్పుడు గాని ఆవిడ ఇడ్లీ పళ్లెం టేబుల్ మీద పెట్టేది కాదు. ఎక్కడికి పోతాయి ఆ కాగితాలు? కాని నేను కూడా ఆ "ఉన్నాయి" వినేదాకా దుప్పటి లోంచి తల బయట పెట్టేదాన్ని కాదు.

కోచ్ బో మా కింద ఇంట్లో ఉండేవాడు. లెన్కాది నా క్లాసే. వాళ్ల అమ్మానాన్నలు విడిపోయారు, అందుకని ఆ పిల్ల వారంలో సగం రోజులు తండ్రి దగ్గర, సగం రోజులు పక్క ఊళ్లో తల్లి దగ్గర ఉండేది. ఒకరోజు నేను కింద పోస్టు డబ్బాల దగ్గర ఉత్తరాలు తీస్తుంటే లెన్కా తన్నిన బంతి నా ముఖం మీదికి వచ్చింది. ఉత్తరాలు వదిలేసి రెండు చేతులతో పట్టేశాను. అందులో గొప్పేం లేదు, తెనాలిలో మా పెదనాన్నగారి పిల్లలు క్రికెట్ ఆడుతూ నన్ను స్లిప్పుల్లో నిలబెట్టేవాళ్లు, ఆ అలవాటు. కాని గుమ్మంలో నిలబడి చూస్తున్న కోచ్ బో గబగబా వచ్చి, నా వేళ్లు ఒక్కొక్కటే వెనక్కి వంచి చూశాడు, సంతలో ఎద్దు పళ్లు చూసినట్టు. "పేరు?" అన్నాడు. అనురాధ అన్నాను. "అనిచ్కా," అన్నాడు, తనకు తెలిసిన పేరు ఏదో అందులో దొరికినట్టు. "రేపు ఐదింటికి మైదానానికి రా." అమ్మ ఒప్పుకోదనుకున్నాను. "నిక్కరేసుకుని అంతమందిలో గెంతడమేంటే?" అంది నిజానికి. కాని నాన్న, "కింద ఇంటాయన అడిగాక కాదంటే బాగోదు. మళ్లీ ఏమనుకుంటారో" అన్నాడు. అలా, కాదనడానికి భయపడి ఒప్పుకున్నారు. నేను రానని చెప్పడానికి భయపడి వెళ్లాను.

ఆయన పగలు ఒక ఫ్యాక్టరీలో యంత్రాలు బాగుచేసేవాడు. సాయంత్రం మైదానంలోకి వచ్చేటప్పటికి ఒంటినుంచి గ్రీజు వాసన, మోకాలికి రాసుకునే కర్పూరం మందు వాసన కలిసి వచ్చేవి. ఆ మోకాలే ఆయన ఆట ముగించింది. జేబులో ఒక పొట్లంలో సోంపులాంటి గింజలు ఉండేవి, నములుతూ ఉండేవాడు. గట్టిగా అరవడు. తప్పు చేస్తే ఆట ఆపి, మన దగ్గరికి నడిచొచ్చి, మన పాదాన్ని చేత్తో పట్టుకుని ఎటు తిప్పాలో అటు తిప్పి పోయేవాడు. అరిచినా బాగుండేది అనిపించేది నాకు. గోల్ ముందు నిలబడితే నా చేతులు బాగానే ఉండేవి, కాళ్లే భూమికి అతుక్కుపోయేవి. పక్కకు వెళ్లే బంతిని చూస్తూ ఉండిపోయేదాన్ని. దూకితే పడాలి, పడితే దెబ్బ తగులుతుంది, దెబ్బ తగిలితే డాక్టరు, డాక్టరు దగ్గరికి వెళ్తే ఇన్సూరెన్సు, అందులో ఏదో తేడా వచ్చి నాన్న ఉద్యోగం పోతే? గోల్ పోస్టుల మధ్య నిలబడ్డ పన్నెండేళ్ల పిల్ల బుర్రలో తిరిగేవి ఇవి. ఇంకో సంగతి కూడా గమనించేదాన్ని. ఆయన మమ్మల్ని ఊరికే లెక్కపెడుతూ ఉండేవాడు. మేం పద్నాలుగు మందిమి. వ్యాన్ ఎక్కేముందు, దిగాక, నీళ్లు తాగాక, తన భాషలో లోలోపల లెక్కపెట్టుకుంటూ, చివరి పిల్ల దగ్గరికి వచ్చేసరికి ఒక్క క్షణం ఆగేవాడు. ఆ ఒక్క క్షణం ఆయన ముఖం చూస్తే నాకు ఒళ్లు జలదరించేది. మేమంతా ఎదురుగానే ఉంటే ఎవరు తప్పిపోయారని ఆ చూపు?

అదెందుకో ఒక వాన సాయంత్రం తెలిసింది. జార్జియాలో వేసవి వానలు చెప్పి రావు. ప్రాక్టీసు మధ్యలో ఆకాశం ఒక్కసారిగా నల్లబడి, మైదానం అవతల పిడుగు పడింది. మిగతా పిల్లల్ని వాళ్ల అమ్మానాన్నలు ఎక్కించుకుపోయారు. కోచ్ పికప్ ట్రక్కులో ఆయన, మధ్యలో లెన్కా, కిటికీ పక్కన నేను. వాన తగ్గేదాకా కదలడానికి లేదు. ప్రతి మెరుపుకూ నేను లెన్కా మోచెయ్యి పట్టుకుంటున్నాను. అప్పుడాయన చొక్కా జేబులోంచి ఒక ఉత్తరం తీశాడు. విదేశీ స్టాంపు. "విలేమ్ వస్తున్నాడు," అన్నాడు కూతురితో. లెన్కా ముఖం మారిపోయింది. నావైపు తిరిగి, ఇంగ్లీషును ముక్కలు చేసుకుంటూ, నాకూ చెప్పాడు. చెప్పాల్సిన అవసరం లేదు. కాని భయపడేవాళ్లు పక్కన ఉంటే చెప్పాలనిపిస్తుందేమో.

బొగ్గు గనుల ఊరు వాళ్లది. బొహుమిల్, విలేమ్ ఒకే వీధి పిల్లలు. ఈయన ముందు వరసలో ఆడేవాడు, అతను గోల్ కీపర్. ఇద్దరూ ఒకే క్లబ్బు, తర్వాత ఒకే పెద్ద క్లబ్బు. విదేశాలకు ఆడడానికి పోతే జట్టు వెంట ఒక అధికారి ఉండేవాడు, బస్సు ఎక్కేటప్పుడు, దిగేటప్పుడు ఆటగాళ్లను లెక్కపెట్టేవాడు. పొరుగు దేశంలో ఒక మ్యాచ్ అయిన మర్నాడు, మధ్యాహ్నం భోజనాలయ్యాక అందరూ హోటల్లో కునుకు తీస్తున్నారు. ఈయన, విలేమ్ ఒకే గదిలో ఉన్నారు. విలేమ్ గోడవైపు తిరిగి నిద్రపోతున్నాడు. ఈయన బూట్లు చేత పట్టుకుని, ఒట్టి మేజోళ్లతో మెట్లు దిగి, వంటవాళ్ల తలుపు గుండా వీధిలోకి వెళ్లి, పోలీసు స్టేషన్‌కు నడిచి, నేను తిరిగి పోను అని చెప్పాడు. "ఒక్క మాట చెప్పలేదు విలేమ్‌కు. పదిహేడేళ్లు ఒకే జట్టు. లేపితే వద్దంటాడేమో, లేకపోతే అరుస్తాడేమో, లేకపోతే..." ఆ "లేకపోతే" తర్వాత ఏముందో చెప్పలేదు. ఆ సాయంత్రం బస్సు దగ్గర లెక్క ఒకటి తగ్గింది. గది పంచుకున్నవాడికి తెలియకుండా ఎలా పోతాడని విలేమ్‌ను రోజుల తరబడి ప్రశ్నించారు. దేశం దాటి ఆడనివ్వలేదు, తర్వాత పెద్ద క్లబ్బులో ఆడనివ్వలేదు, గనిలో పనికి పంపారు. ఈయన జర్మనీలో రెండేళ్లు ఆడాడు, మోకాలు విరిగింది, అమెరికా వచ్చాడు. ఇప్పుడు అక్కడి ప్రభుత్వం మారింది. ఎవరైనా రావచ్చు, పోవచ్చు. విలేమ్ వస్తున్నాడు. ఎందుకో ఉత్తరంలో రాయలేదు. "శనివారం. మాట్లాడాలి" అని రెండే ముక్కలు. వాన ఆగాక కూడా ఆయన చాలాసేపు బండి స్టార్ట్ చేయలేదు.

రెండు రోజుల తర్వాత నాన్న ఆఫీసులో ఉండగా మా తలుపు చప్పుడైంది. అమ్మ నా భుజం పట్టి ఆపింది. "అనిచ్కా" అని వినపడేసరికి తప్పలేదు. గొలుసు తీయకుండా, జానెడు సందులోంచి చూసింది. కోచ్ బో టోపీ చేత్తో పట్టుకుని నిలబడ్డాడు. అమ్మకు ఇంగ్లీషు అంతంత మాత్రం, ఆయనకూ అంతే. మధ్యలో నేను. శనివారం తన కోసం ఒక మనిషి వస్తున్నాడనీ, అతనితో ఒంటరిగా ఉండడానికి భయంగా ఉందనీ, మీ ఇంటికి తీసుకురావచ్చా అనీ అడిగాడు. భోజనానికి కాదట, ఊరికే కూర్చోవడానికి. నేను తెలుగులో చెప్పాను.

"భయమా?" అంది అమ్మ. ఆరడుగుల మనిషిని ఆ సందులోంచి పైనుంచి కిందిదాకా చూసింది. "ఈయనకా? అంత మనిషి వచ్చి మన దగ్గర దాక్కుంటానంటున్నాడేంటే?"

"స్నేహితుడికి ద్రోహం చేశాట్టమ్మా. ఆయన కొడతాడేమోనని."

అమ్మ ఒప్పుకోదని నాకు తెలుసు. కొట్లాట, పోలీసులు, వీసా, అన్నీ ఆవిడ కళ్లలో వరసగా కనిపించాయి. తర్వాత గొలుసు తీసింది. "ఊరికే కూర్చోవడం కాదు, భోజనానికే రమ్మను. అన్నం తింటున్నవాడు చెయ్యెత్తడు."

శనివారం కోసం అమ్మ గుత్తి వంకాయ, ముద్దపప్పు, చారు చేసింది, అప్పడాలు వేయించింది. కిటికీలన్నీ తెరిచింది, ఎవరేమనుకున్నా సరే అని. నాన్న ఆఫీసు చొక్కా వేసుకున్నాడు. "గొడవైతే మనకేం సంబంధం లేదని చెప్పాలి" అని నాతో రెండుసార్లు అన్నాడు, ఇంగ్లీషులో ఎలా చెప్పాలో కూడా ప్రాక్టీసు చేసుకున్నాడు. కోచ్ బో అరగంట ముందే వచ్చి, మెడదాకా గుండీలు పెట్టుకున్న చొక్కాతో, గుమ్మం కనిపించే కుర్చీలో కూర్చున్నాడు. లెన్కా నా పక్కన చేరి నా చెయ్యి వదల్లేదు. మెట్ల మీద అడుగులు వినపడ్డప్పుడు, ఆ ఇంట్లో ఉన్న అయిదుగురమూ, అలవాటు ప్రకారం, ఊపిరి బిగబట్టాం. ఈసారి ఆ అడుగులు దిగిపోలేదు.

విలేమ్ నేననుకున్నంత భయంకరంగా లేడు, అదే ఇంకా భయపెట్టింది. పెద్ద మనిషి, జుట్టు నెరిసింది, చేతివేళ్లు విరిగి అతికినట్టు తలో దిక్కుకూ ఉన్నాయి. కోచ్ లేచి నిలబడ్డాడు. ఇద్దరూ కరచాలనం చేసుకున్నారు, కౌగలించుకోలేదు. కూర్చున్నారు. అమ్మ వడ్డించింది. విలేమ్ ఏది పెడితే అది తిన్నాడు. ఆవకాయ ముక్క ఉత్తినే నోట్లో వేసుకుని నమిలేసరికి దగ్గు పట్టుకుని కళ్లవెంట ధారగా నీళ్లు కారాయి. అమ్మ "అయ్యో, అయ్యో" అంటూ పెరుగు గిన్నె తెచ్చింది, నాన్న నవ్వాడు, లెన్కా నవ్వింది. కోచ్ మాత్రం నవ్వలేదు. ఆ నీళ్లు కారం వల్లేనా కాదా అని చూస్తున్నట్టు, స్నేహితుడి ముఖం మీంచి చూపు తిప్పలేదు. తర్వాత విలేమ్ చెయ్యి తుడుచుకుని చెక్ భాషలో మాట్లాడడం మొదలెట్టాడు. కోచ్ ముఖంలో రక్తం పోయింది. అమ్మ గరిటె పట్టుకుని అలాగే నిలబడిపోయింది. "ఏమంటున్నాడే?" అంది నా చెవిలో. నేను లెన్కాను అడిగాను.

"వాళ్ల ఊరి క్లబ్బు మునిగిపోయే స్థితిలో ఉందట. కోచ్ ఎవరూ రావడం లేదట. నాన్నను మేనేజర్‌గా రమ్మంటున్నాడు. తను గోల్ కీపర్లకు నేర్పుతాడట."

"అంతేనా?"

"అంతే."

"ఆ పాత సంగతి?"

"ఒక్క మాట కూడా లేదు," అంది లెన్కా. కొడతాడని, తిడతాడని ఎదురుచూసిన మనిషికి అదేదీ జరగకపోతే ఊరట కలగాలి. కోచ్‌కు కలగలేదు. ఆయన కుర్చీ చేతుల్ని పట్టుకున్న పట్టు చూస్తే నాకు అర్థమైంది, దెబ్బ పడలేదు కాబట్టి అది ఇంకా గాలిలోనే ఉందని.

భోజనాలయ్యాక, నేను గోల్ కీపర్‌నని లెన్కా చెప్పింది. విలేమ్ లేచి, రమ్మని సైగ చేశాడు. ఇంటి వెనక పచ్చికలో, వేసుకొచ్చిన కొత్త బూట్లతోనే, తను ముందు పడి చూపించాడు. అంత పెద్ద మనిషి తుంటి మీద, పక్కటెముకల మీద, భుజం మీద దొర్లుతూ చప్పుడు లేకుండా పడి లేచాడు. తర్వాత నన్ను మోకాళ్ల మీద కూర్చోబెట్టి పక్కకు తోశాడు. మళ్లీ తోశాడు. ఇరవైసార్లు తోసి ఉంటాడు. మోచెయ్యి ముందు పెట్టినప్పుడల్లా నాలుక చప్పరించి తల అడ్డంగా ఊపేవాడు. చివరికి నేను నిలబడి, నాకు నేనే పడ్డాను. ఏమీ కాలేదు. అంతవరకూ పడడమంటే ఏదో అయిపోవడం అనుకున్నాను. పైన కిటికీలోంచి అమ్మ చూస్తోంది. కోచ్ బో ఇంకో చివర, చేతులు కట్టుకుని ఒక్కడే నిలబడి ఉన్నాడు.

మూడు వారాల తర్వాత ఒక సోమవారం మేం మైదానంలో ఎదురుచూశాం. ఐదైంది, ఐదున్నరైంది. పికప్ రాలేదు. మరో పది రోజుల్లో మాకు పెద్ద టోర్నమెంటు ఉంది. చివరికి ఒకరి అమ్మ కారు దిగి వచ్చి చెప్పింది: కోచ్ బో వాళ్ల దేశం వెళ్లిపోయాడట, ఇక రాడట. లెన్కాకు కూడా విమానాశ్రయం నుంచి ఫోన్ చేసి చెప్పాడట. పద్నాలుగు మందిలో ఒక్కరికీ ముందు తెలియదు. ముందురోజే మెట్ల దగ్గర కనపడ్డాడు నాకు. "రేపు చేతి తొడుగులు మర్చిపోకు" అన్నాడు. ఆ రాత్రి అన్నం తినకుండా పడుకుంటే అమ్మ వచ్చి పక్కన కూర్చుంది. "పోనీలేవే, చెప్పడానికి భయపడి ఉంటాడు" అంది. అందుకే నాకు కోపం. ఒకసారి అలా చేస్తే ఎవరికేమైందో వాన చప్పుడులో నాకు చెప్పినవాడు, మళ్లీ అదే చేశాడు. టోర్నమెంటులో ఓడిపోయాం. నేను చాలాసార్లు పడ్డాను, లేచాను, రెండు బంతులు మాత్రం అందలేదు.

అక్కడ ఆయన ఏం చేశాడో వేసవి సెలవులకు వెళ్లొచ్చిన లెన్కా చెబితేనే తెలిసేది. మొదటి మ్యాచ్ రోజున ఆటగాళ్లు బయటికి వచ్చే దారిలో ఆగిపోయాడట. బయట జనం ఆయన పేరుకు ద్రోహి అన్న మాట తగిలించి అరుస్తున్నారు. కాళ్లు కదల్లేదు. విలేమ్ ఏమీ అనకుండా ముందు నడిచాడట, ఆయన వెనక ఈయన. ఆ ఏడాది ఆఖరి మ్యాచ్‌లో గెలిచి క్లబ్బు కింది తరగతికి పడిపోకుండా గట్టెక్కింది. తర్వాత పైకి వచ్చింది. అరిచినవాళ్లే ఆయన బొమ్మ ఉన్న కండువాలు కట్టుకున్నారు. తొమ్మిదేళ్లు చేశాక వరసగా మ్యాచ్‌లు పోయాయి, ఒక ఉదయం ఆఫీసు తలుపుకు కొత్త తాళం వేసి ఉంది. ఆ తర్వాత ఇంకో రెండు చిన్న క్లబ్బులు, ఆ తర్వాత చిన్నపిల్లల జట్లు. మేనేజర్లందరి బతుకూ అంతే అంటాడట, ఎక్కినన్ని మెట్లూ దిగడమే. నాకు పండగలకు కార్డులు పంపేవాడు. మైదానం బొమ్మ, కింద సంతకం. నేను జవాబు రాయలేదు.

ఇప్పుడు మా అమ్మాయి ఆడే క్లబ్బులో కోచ్ పది నిమిషాలు ఆలస్యమైతే అందరి ఫోన్లకూ మెసేజ్ వస్తుంది. పిల్ల పడితే బ్యాండేజీ పెట్టెతో ఒక మనిషి పరిగెత్తుకొస్తుంది. ఇంట్లో పోపు పెట్టడానికి నేను భయపడను, పక్కింట్లోనూ పోపే. కాగితాల కవరు లేదు. భయాలు పోయాయని రాయాలని ఉంది గాని రాయలేను. మా అమ్మాయికి బడిలో, తుపాకీతో ఎవడైనా జొరబడితే ఏం చేయాలో అని, లైట్లు తీసేసి, తలుపుకు అడ్డం బల్లలు పెట్టి, చప్పుడు చేయకుండా మూల నక్కి కూర్చోవడం ప్రాక్టీసు చేయిస్తారు. ఇంటికొచ్చి, "ఇవాళ మా క్లాస్ చాలా క్వైట్‌గా ఉందమ్మా, టీచర్ గుడ్ జాబ్ అంది" అని చెబుతుంది. నేను, మా అమ్మ, టీవీ గొంతు తగ్గించి నిలబడ్డ రోజులు గుర్తొస్తాయి. మాకు తలుపు అవతల ఎవరూ ఉండేవాళ్లు కాదు, ఉంటే ఏ అమ్మకాలవాడో. ఎవరి భయం పెద్దదని కొలవడం నాకు చేతకాదు. మాకు దాని సంగతి మాట్లాడడం రాలేదు, ఈ పిల్ల దాన్ని హోంవర్కులా చెప్పేస్తుంది. అది మంచిదో కాదో తెలియదు.

ఆదివారం పొద్దున లెన్కా ఇంటికి వెళ్లాను. ఆయన వెనక వరండాలో, ఒళ్లో దుప్పటితో కూర్చున్నాడు. బాగా చిక్కిపోయాడు. "అనిచ్కా," అని నా వేళ్లు పట్టుకుని వంచి చూశాడు. "ఇంకా బాగున్నాయి." కాసేపు మా అమ్మ ఆరోగ్యం, వాతావరణం. తర్వాత ఆయనే అన్నాడు. "ఆ సోమవారం మీరు ఎంతసేపు ఉన్నారు మైదానంలో?"

"చీకటి పడేదాకా."

తల ఊపాడు. "చెబుదామని మెట్ల దగ్గరికి వచ్చాను. నిన్ను చూసి చేతి తొడుగుల గురించి మాట్లాడాను. మీరంతా ఏడుస్తారని భయం. ఏడిస్తే ఆగిపోతానని భయం. క్షమించు."

ముప్పయ్యేళ్లు మోసిన కోపానికి ఆ ఒక్క మాట ఇంత తేలిగ్గా సరిపోవడం నాకే సిగ్గనిపించింది. "పోనీలెండి" అన్నాను. తర్వాత నోరు ఊరుకోలేదు. "విలేమ్‌ను ఇలా క్షమించమని అడిగారా ఎప్పుడైనా?"

లెన్కా కాఫీ కప్పులు పట్టుకుని గుమ్మంలోనే ఆగిపోయింది.

"తొమ్మిదేళ్లు ఒకే బెంచీ మీద, పక్కపక్కన," అన్నాడు. "వానలో ఒకే గొడుగు. ప్రతి మ్యాచ్‌కూ అనుకునేవాణ్ని, ఇవాళ గెలిస్తే అడుగుతానని. గెలిచిన రోజు, ఈ సంతోషం ఎందుకు చెడగొట్టాలని. ఓడిన రోజు, ఇవాళ కాదని. అడగలేదు."

"ఉన్నాడా ఆయన?"

"ఉన్నాడు," అంది లెన్కా. "అక్కడిప్పుడు మధ్యాహ్నం. ఫోన్ చేస్తే ఎత్తుతాడు."

కోచ్ వద్దని చెయ్యి ఊపాడు. "ఆపరేషన్ అయ్యాక" అన్నాడు. లెన్కా నావైపు చూసింది. నేను ఆయన పక్కకు కుర్చీ జరుపుకున్నాను. "మీకు ఒంటరిగా ఉండాలంటే భయమైతే మేమిద్దరం ఇక్కడే ఉంటాం" అన్నాను. ఆయన నన్ను చూసి, కూతుర్ని చూసి, ఎత్తిన చెయ్యి దించేశాడు. లెన్కా నంబరు నొక్కి, స్పీకర్ పెట్టి, ఫోన్ ఆయన ఒళ్లో పెట్టింది. అయిదారుసార్లు మోగింది. ఎత్తకపోతే బాగుండునని నాకే అనిపించింది. ఎత్తాడు.

బొంగురు గొంతు. కోచ్ ముందు ఏవో మాటలు చెప్పాడు, గుండె, డాక్టరు. తర్వాత ఒక్కొక్క మాటే తవ్వి తీసినట్టు చెప్పాడు. లెన్కా మా ఇంట్లో ఆ రోజు చేసినట్టే నా చెవిలో చెబుతోంది. "నిన్ను నిద్రలో వదిలేసి పోయాను, ఒక్క మాట చెప్పకుండా, అంటున్నాడు. నీ బతుకు పాడుచేశాను, క్షమించమంటున్నాడు."

లైన్ పోయిందేమో అనుకున్నాను. తర్వాత విలేమ్ మాట్లాడాడు, తొందర లేకుండా, చాలాసేపు. లెన్కా చెప్పడం ఆపేసింది. అరచెయ్యి నోటికి అడ్డం పెట్టుకుని వింటోంది. "ఏమంటున్నాడు?" అన్నాను. చెప్పలేకపోయింది. కోచ్ ఫోన్‌ను రెండు చేతులతో పట్టుకుని, దానివైపే చూస్తూ, నాకు ఇంగ్లీషులో తనే చెప్పాడు.

"మెలకువగానే ఉన్నాడట. నేను మంచం దిగడం, బూట్లు తీయడం, అన్నీ విన్నాడట. గోడవైపు తిరిగి కళ్లు గట్టిగా మూసుకున్నాడట." ఆగి ఊపిరి తీసుకున్నాడు. "నువ్వు కూడా రా అని నేను అడుగుతానేమోనని భయపడ్డాడట, అనిచ్కా."